ప్లాటినస్ చెప్పిన ‘ఏకం’, అద్వైత బ్రహ్మం ఒకటేనా?

మీరు అడిగినవి రెండు ప్రశ్నలు. మూడో శతాబ్దపు గ్రీకు తత్త్వవేత్త ప్లాటినస్ ‘ఏకం’ అన్నదీ, మన అద్వైతం ‘బ్రహ్మం’ అన్నదీ ఒకటేనా అన్నది మొదటిది. ‘అంతా ఒక్కటే’ అని ఒక్క మాటలో తేలిపోయే దాని మీద ఇంత శాస్త్రం ఎందుకు, అందులో అధ్యయనం చేయడానికి ఏముంది అన్నది రెండోది. రెండో ప్రశ్న నాకు ఎక్కువ నచ్చింది. దాన్ని సరిగ్గా పట్టుకుంటే మొదటిదానికి సగం జవాబు దొరికినట్టే.

డిగ్రీ విద్యార్థులకు గ్రీకు తత్త్వశాస్త్రం ముప్పై ఏళ్లకు పైగా బోధించాను. ప్లాటినస్ పాఠం మొదలైన రోజే తరగతిలో ఎవరో ఒకరు లేచి, ‘ఇది మన అద్వైతమే కదా మాస్టారూ’ అనేవారు. మొదటి కొన్నేళ్లు నేనూ అవుననే చెప్పాను. గ్రంథాన్ని ఏటా మళ్లీ మళ్లీ చదువుతూ వచ్చాక ఆ జవాబు మార్చుకున్నాను. ‘ఇది కాదు, ఇది కాదు’ అంటూ ఒక్కొక్కటే తీసివేసే పద్ధతిలో ఇద్దరూ ఆశ్చర్యం కలిగించేంత దగ్గరగా ఉంటారు. అన్నీ తీసివేశాక మిగిలేది ఏమిటన్న చోట విడిపోతారు. ఆ విడిపోయే చోటు తెలియాలంటే ముందు ప్లాటినస్‌ను ఆయన మాటల్లోనే వినాలి.

గ్రీకులో ‘హెన్’ అంటే ఒకటి. దాని గురించిన విచారాన్ని హెనాలజీ అంటారు. తెలుగులో ఏకతత్త్వ విచారం అనుకుందాం. ‘ఉండటం అంటే ఏమిటి’ అని అడిగే సత్తా విచారం, అంటే ఆంటాలజీ, వేరు. అరిస్టాటిల్‌కు ఈ రెండింటి మధ్య గోడ లేదు. ‘మనిషి’ అన్నా, ‘ఒక మనిషి’ అన్నా, ‘ఉన్న మనిషి’ అన్నా కొత్తగా చేరేదేమీ లేదంటాడు. ఉండటమూ ఒకటిగా ఉండటమూ ఒకదాన్నొకటి విడవవు కాబట్టి దేనిని ముందు పెట్టినా ఫరవాలేదన్నది ఆయన వైఖరి. ప్లాటినస్ అక్కడే ఆగి, ఫరవాలేదనడానికి వీల్లేదంటాడు. రెండింటిలో ఒకటి కావడమే ముందుదని ఆయన పట్టుదల. ఆయన రచనల సంపుటి ‘ఎన్నియడ్స్’ ఆరు భాగాలు, ఒక్కో భాగం ఒక ఎన్నియడ్; ఆరవ ఎన్నియడ్‌లోని తొమ్మిదవ ప్రకరణం మొదటి వాక్యమే అది: ఉన్నవన్నీ ఏకత్వం వల్లనే ఉన్నాయి.

ఈ వాక్యాన్ని ‘అంతా ఒక్కటే’ అని చదివితే దారి తప్పుతాం. ‘అంతా ఒక్కటే’ అన్నది వస్తువులన్నిటినీ కలిపి చెప్పే మాట. ప్లాటినస్ చెప్పేది ప్రతి వస్తువు గురించీ విడివిడిగా. అక్కడ ఆయన ఇచ్చే ఉదాహరణలు సైన్యం, బృందగానం, మంద, ఇల్లు, ఓడ. సైనికులు చెల్లాచెదురైతే మనుషులు మిగులుతారు, సైన్యం మిగలదు. ఓడ పలకలు విడిపోతే చెక్క మిగులుతుంది, ఓడ మిగలదు. మనకు తెలిసినదాన్నే చూడండి. పాత ఇల్లు పడగొట్టి ఇటుకలన్నీ జాగ్రత్తగా పక్కన పేర్చారు. ఒక్క ఇటుక కూడా పోలేదు. అయినా ఇల్లు లేదు. పోయింది ఏమిటి? సామాను ఏదీ పోలేదు. అవన్నీ కలిసి ‘ఒకటి’గా నిలవడం పోయింది. అది పోతే ఇల్లు ‘తక్కువ’ కాలేదు, అసలు లేకుండా పోయింది. ఇంత మామూలు విషయంలో ఇంత లోతు ఉందని నాకు ఆయనే చూపించాడు.

ఇక్కడ తెలుగు విద్యార్థి మనసులోకి వెంటనే దండ వస్తుంది, పూలను కలిపే దారం వస్తుంది. తరగతిలో నేను ఆ ఉపమానాన్ని అనుమతించి, ఆ వెంటనే విప్పేవాణ్ణి. దారం కూడా ఒక వస్తువే. పూల మధ్య అది మరొకటి. పైగా దారానికి పోగులున్నాయి. ఆ పోగులను ‘ఒక దారం’గా నిలిపింది ఏమిటన్న ప్రశ్న మళ్లీ మొదటికి వస్తుంది. ఏకత్వాన్ని ఇచ్చేది వస్తువుల జాబితాలో ఇంకొక వస్తువై ఉండకూడదు. ఉంటే దానికీ ఏకత్వం మరొకరు ఇవ్వాలి. వాదమంతా ఈ ఇరుసు మీద తిరుగుతుంది.

ఇక మెట్లు. అన్ని ‘ఒకటి’లూ సమానం కావు. మందలో గొర్రెలు దగ్గర దగ్గరగా ఉంటాయి, అంతే. ఇంటి ఇటుకలు అతుక్కుని ఉంటాయి. మొక్క అంతకంటే ఎక్కువగా ఒకటి: వేరుకు నీళ్లు పోస్తే ఆకు తేరుకుంటుంది. ఆ ఒకటితనాన్ని మొక్కకు ఇచ్చేది దాని ప్రాణం, గ్రీకులో ‘ప్సూకే’. దీన్ని ‘ఆత్మ’ అని అనువదించడానికి నాకు చేయి రాదు, కారణం తరువాత చెబుతాను; ‘జీవతత్త్వం’ అంటాను. మరి జీవతత్త్వమే ఆ ఏకమా? అది శరీరాన్ని ఒకటి చేస్తుంది, నిజమే. కానీ దానిలోనే ఆలోచన, కోరిక, గ్రహణం అని పలు శక్తులున్నాయి. తన దగ్గర పూర్తిగా లేని ఏకత్వాన్ని అది పైనుంచి తెచ్చి కిందికి అందిస్తోంది.

దానికి పైన ‘నూస్’, ప్రజ్ఞ. మన తర్కబుద్ధిలా ఒక మెట్టు నుంచి మరో మెట్టుకు నడిచే తెలివి కాదిది. సత్యాలన్నిటినీ ఒక్క చూపులో, కాలం లేకుండా, పట్టుకుని ఉన్న తెలివి. అరిస్టాటిల్ ఇక్కడే ఆగాడు. ఆయన దేవుడు తనను తానే తలచుకునే తలపు. దానికి మించినది ఆయనకు అక్కర్లేదు. ప్లాటినస్ ఇంకో అడుగు వేస్తాడు. తలపు అన్నాక తలచేదీ తలచబడేదీ ఉండాలి. రెండూ తానే అయినా సరే, ‘నేను’ ఒకవైపు, ‘నన్ను’ ఒకవైపు అన్న చీలిక సన్నగానైనా ఉండి తీరుతుంది. పైగా తెలిసే సత్యాలు అనేకం. రెండు ఉన్నచోట ఆ రెండింటినీ కలిపి నిలిపేది వాటికి ముందు ఉండాలి. కాబట్టి ఎంత గొప్పదైనా ప్రజ్ఞ మొదటిది కాదు. గ్రీకు ఆలోచనా చరిత్రలో ఇంత సాహసమైన అడుగు నాకు మరొకటి కనిపించదు. తెలివినే పరమమని కొలిచిన సంప్రదాయంలో పుట్టి పెరిగినవాడు, ఆ తెలివినే రెండో స్థానానికి దింపాడు.

ప్రజ్ఞ, ఉనికి ఆయన దృష్టిలో విడదీయరానివి. నిజంగా ఉన్నది అంటే ప్రజ్ఞకు తెలిసే సత్యస్వరూపమే. అందువల్ల ప్రజ్ఞకు అవతల ఉన్నది ఉనికికీ అవతల ఉన్నట్టే. ఈ మాటకు ఆధారం ప్లేటో. ‘రిపబ్లిక్’ ఆరవ భాగంలో ‘శుభం’ సత్తకు అవతల ఉన్నదని ఒకచోట అని వదిలేశాడు. ఆయన రాసిన ‘పార్మెనిడీస్’ సంభాషణలో ఇంకా విచిత్రమైన కసరత్తు ఉంది. ‘ఒకటి’ నిజంగా ఒకటే అయితే దానికి భాగాలుండవు. భాగాలు లేకపోతే మొదలూ చివరా ఉండవు. ఆకారం ఉండదు, చోటు ఉండదు, కదలిక ఉండదు, నిలకడా ఉండదు, కాలం ఉండదు. చివరికి అది ‘ఉంది’ అనడానికీ ‘ఒకటి’ అనడానికీ కూడా వీలుండదు. దానికి పేరు లేదు, జ్ఞానం లేదు. సంభాషణలో ఇది ఓ తార్కిక ప్రయోగంలా సాగుతుంది. ప్లాటినస్ దాన్నే పరతత్త్వ వర్ణనగా చదివాడు. ఆ వెంటనే వచ్చే రెండో ప్రతిపాదన, ‘ఒకటి ఉంటే’ అన్నది, ప్రజ్ఞను వర్ణిస్తుందన్నాడు. అక్కడ ‘ఒకటి’ వేరు, ‘ఉండటం’ వేరు అయి, ఆ రెండింటి నుంచి అనేకం పుట్టుకొస్తుంది.

తెలుగువారికి ఈ చోట ఒక సౌకర్యం ఉంది. గ్రీకులో ఆ రెండు ప్రతిపాదనలకూ దాదాపు అవే మాటలు. ‘ఎస్తిన్’ అన్న ఒకే క్రియ ‘ఒకటి అవడాన్నీ’ ‘ఒకటి ఉండటాన్నీ’ మోస్తుంది. అందుకే వ్యాఖ్యాతలు శతాబ్దాల పాటు తలలు పట్టుకున్నారు. మనం ‘అది ఒకటి’ అంటాం. వాక్యం పూర్తయింది, క్రియ అక్కర్లేదు. ‘ఒకటి ఉంది’ అన్నది వేరే వాక్యం. ఉనికి ప్రసక్తి లేకుండానే ఏకత్వాన్ని చెప్పగల వాక్యం మన నోట రోజూ వస్తోంది. ఈ సంభాషణను ఎవరైనా నేరుగా గ్రీకు నుంచి తెలుగులోకి తెస్తే, ఇంగ్లీషు పాఠకుడు కష్టపడి అర్థం చేసుకునేది మన పాఠకుడికి చదవగానే చెవికి తెలుస్తుందని నా నమ్మకం.

ఇంకొక పొరపాటు చాలామంది చేస్తారు: ఈ ‘ఒకటి’ని అంకె అనుకోవడం. అంకె ఒకటి పక్కన రెండు ఉంటుంది. ఈ ఒకటి పక్కన ఏమీ లేదు, లెక్కలో చేరదు. అసలు ‘ఒకటి’ అన్న పేరు కూడా అనేకత్వాన్ని తోసిపుచ్చడానికి పెట్టుకున్నదే కావచ్చునని ప్లాటినస్ అయిదవ ఎన్నియడ్‌లో అంటాడు. పైథాగరస్ అనుచరులు దాన్ని తమలో తాము ‘అపోలో’ అని సంకేతించేవారని గుర్తు చేస్తాడు: గ్రీకులో ‘అ’ అంటే లేనిది, ‘పోల్లోన్’ అంటే అనేకం. దేవుడి పేరులో ‘అనేకం కానిది’ అన్న అర్థం చూశారు వాళ్లు. మనవాళ్లు ‘ఏకం’ అని సరిపెట్టుకోకుండా ‘అద్వైతం’, రెండు కానిది, అని పేరు పెట్టుకోవడం మీకు వెంటనే తట్టే ఉంటుంది. రెండు సంప్రదాయాలు ఎవరికి వారు ఒకే జాగ్రత్త పడ్డాయి. ‘అనేకం కానిది’, ‘రెండు కానిది’ అన్న ఈ రెండు పేర్లను పక్కపక్కన పెట్టుకున్నప్పుడల్లా నాకు మనసు నిండిపోతుంది.

సరే, ఏమీ లేని ఒకటి నుంచి ఇన్ని ఎలా వచ్చాయి? ప్లాటినస్‌కు ఇదే అన్నిటికంటే కష్టమైన చోటు. ఆయన కూడా ఇక్కడ ఎక్కువగా ఉపమానాలను ఆశ్రయిస్తాడు. నిప్పు నుంచి వేడి, మంచు నుంచి చలి, సుగంధద్రవ్యం నుంచి పరిమళం. తనకంటే ముందు ఇంకే మూలమూ లేని ఊట: నదులన్నిటికీ తనను తాను ఇచ్చేస్తుంది, అయినా తరగదు. ఒకటి సంకల్పించి సృష్టించలేదు, ఎవరి మీదా దయతలచి ఇవ్వలేదు. పూర్ణమైనది పొంగుతుంది. అలా పొంగినది ఇంకా రూపు లేని చూపు లాంటిది. అది వెనక్కి తిరిగి తన మూలాన్ని చూస్తుంది. ఆ చూడటంలోనే ప్రజ్ఞగా రూపు కడుతుంది. ఒక్కటిగా ఉన్న మూలాన్ని ఒక్కటిగా పట్టలేక అనేకంగా పట్టుకుంటుంది. వెలువడటం, తిరిగి చూడటం అన్న ఈ జంట కదలికే ఆయన విశ్వమంతా అల్లుకున్న నేత. కిందికి పోయేకొద్దీ ప్రతిదీ తనపైదాన్ని తిరిగి చూసుకునే దాకా తాను కాలేదు.

ఇప్పుడు మీ మొదటి ప్రశ్నకు వస్తాను.

ముందు అనువాదం సంగతి. ‘హెన్’ను బ్రహ్మం అని, ‘నూస్’ను ఈశ్వరుడని, ‘ప్సూకే’ను ఆత్మ అని రాసేశామనుకోండి. పోలిక అప్పటికే పూర్తయిపోయింది, ఆలోచించడానికి ఏమీ మిగలలేదు. ‘ఆత్మ’ అనగానే అద్వైతికి అదే బ్రహ్మం. ప్లాటినస్ ప్సూకే అయితే ఏకం నుంచి రెండు మెట్లు కింద ఉన్నది. ‘రెండూ ఒకటే’ అని తేల్చే వ్యాసాల్లో చాలావాటికి బలం ఈ అనువాదంలోనే ఉంది. అందుకే పైన ‘జీవతత్త్వం’ అన్నాను.

దగ్గరితనం నిజమే, దాన్ని తక్కువ చేయను. బృహదారణ్యకంలో ‘నేతి నేతి’ ఉంది; ప్లాటినస్ దగ్గర ‘అన్నిటినీ తీసివెయ్’ అన్న ఆజ్ఞ ఉంది, అయిదవ ఎన్నియడ్ మూడో ప్రకరణాన్ని ఆ మాటతోనే ముగించాడు. తైత్తిరీయం, మాటలు మనసుతో కూడా అందుకోలేక వెనుదిరిగి వస్తాయంది. దాని గురించి మాట్లాడుతున్నామే గాని దాన్ని మాట్లాడలేకున్నామని ప్లాటినస్ అంటాడు. ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం మరీ దగ్గర: అప్పుడు సత్తూ లేదు అసత్తూ లేదు, ‘తదేకం’, ఆ ఒకటి, గాలి లేకుండానే తన శక్తితో ఊపిరి తీసింది. సత్తుకు ముందు ఒకటిని నిలిపిన ఆ సూక్తాన్ని ప్లాటినస్ విని ఉంటే లేచి నిలబడేవాడని అనిపిస్తుంది నాకు.

కానీ అద్వైతానికి వెన్నెముక నాసదీయం కాదు, ఛాందోగ్యం ఆరవ అధ్యాయం. అక్కడ ఉద్దాలకుడు శ్వేతకేతుతో చెప్పేది స్పష్టం: మొదట ఉన్నది సత్తే, ఒక్కటే, రెండోది లేనిది. అసత్తు నుంచి సత్తు ఎలా పుడుతుందని నిలదీస్తాడు కూడా. బ్రహ్మం ఉన్నవాటిలో ఒకటి కాదు, నిజమే. కానీ అది ఉనికే, సత్తే. ప్లాటినస్ ఏకానికి ఆ మాట కూడా బరువే. అయిదవ ఎన్నియడ్ రెండో ప్రకరణంలో ఆయన చెప్పే కారణం చూడండి: దానిలో ఏమీ లేదు కాబట్టే అన్నీ దాని నుంచి వచ్చాయి, ఉనికి ఉండాలంటే, అది ఉనికి కాకుండా ఉనికిని పుట్టించేదై ఉండాలి.

ఇక్కడి నుంచే పెద్ద తేడా బయలుదేరుతుంది. ఉద్దాలకుడి ఉపమానం మట్టి. కుండ, మూకుడు, బాన అన్నీ మట్టే. పేర్లు మాత్రం మాటల్లో పుట్టినవి. మట్టి తెలిస్తే మట్టితో చేసినవన్నీ తెలిసినట్టే. కారణంలో లేనిది కార్యంలో రాదన్నది ఆ ఆలోచనకు పునాది. ప్లాటినస్ సరిగ్గా దీనికి ఎదురు నిలుస్తాడు: ఏకం తన దగ్గర లేనిదాన్ని ఇస్తుంది. ప్రజ్ఞకు రూపం ఇచ్చేది రూపం లేనిది, జీవం ఇచ్చేది జీవానికి పైది. కుండలో మట్టి ఉన్నట్టు వస్తువుల్లో ఏకం లేదు. అన్నిటికీ శక్తి అది, అన్నిటికీ పదార్థం కాదు. ‘ఏకం అన్నీనూ, వాటిలో ఏ ఒక్కటీ కాదు’ అన్న ఆయన వాక్యాన్ని మొదటి సగం వరకే ఉదహరించి ఆపేసేవారు రెండో సగంలో ఉన్న బరువును వదిలేస్తున్నారు.

రెండో తేడా నాకు ఇంకా ముఖ్యం. బ్రహ్మం జ్ఞానస్వరూపం. ‘సత్యం జ్ఞానం అనంతం బ్రహ్మ’ అన్న తైత్తిరీయ వాక్యం మీద శంకరులు ఎంత సూక్ష్మంగా వ్యాఖ్యానించినా, ఆ జ్ఞానం ఒక క్రియ కాదు, స్వరూపమే అన్న దగ్గర నిలుస్తారు, చైతన్యాన్ని మాత్రం తీసివేయరు. తీసివేస్తే అద్వైతమే లేదు. ప్లాటినస్ దాన్నీ తీసివేశాడు. అయితే ఏకం జడమా? ఈ ప్రశ్నకు ఆయన ఇచ్చిన జవాబు చదివిన రోజు నాకు రాత్రి నిద్ర పట్టలేదు. తెలియకపోవడం అనాలంటే తెలియవలసిన రెండోది ఉండాలి. రెండోది లేనిచోట తెలివీ లేదు, తెలియకపోవడమూ లేదంటాడు. దీని పక్కన బృహదారణ్యకంలోని యాజ్ఞవల్క్యుణ్ణి పెట్టండి. గాఢనిద్రలో పురుషుడు చూడటం లేదంటే, చూస్తూనే చూడటం లేదు. చూసేవాడి చూపుకు లోపం లేదు. చూడటానికి వేరుగా రెండోది లేదు, అంతే అంటాడు. ఇద్దరూ ‘రెండోది లేదు’ అన్న ఒకే కారణం చెప్పారు. ఆ కారణం నుంచి యాజ్ఞవల్క్యుడు చూపును నిలుపుకున్నాడు, ప్లాటినస్ చూపును కూడా వదిలేశాడు.

ఇక్కడ ఒక చిన్న అడ్డు ఉంది, దాచడం న్యాయం కాదు. అయిదవ ఎన్నియడ్ నాలుగో ప్రకరణం ప్లాటినస్ తొలినాళ్ల రచన. అందులో ఏకానికి ఒక విధమైన స్వసంవేదన, అంటే తనను తాను ఎరగడం, ఉన్నట్టు, ప్రజ్ఞ తలచే తీరుకు భిన్నమైన తలపు ఉన్నట్టు రాశాడు. ఆ వాక్యం మీద నిలబడితే తేడా పలచబడుతుంది. తరువాతి రచనల్లో మాత్రం ఆయన ఈ విషయంలో మరింత కఠినమయ్యాడని నా పఠనం. దీని మీద పండితులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు.

జగత్తు సంగతి త్వరగా చెప్పేస్తాను. ప్లాటినస్‌కు మాయ లేదు. తాడు మీద పాములా ఏకం మీద జగత్తు కనిపించదు. కింది మెట్టులోనే అయినా నిజంగా వెలువడింది. ప్రపంచాన్ని చెడ్డ సృష్టికర్త కట్టిన చెరసాలగా చూసిన నాస్టిక్కులు అనే మతవర్గం మీద ఆయన ఒక పూర్తి ప్రకరణం రాశాడు, ఈ జగత్తు కంటే అందమైన ప్రతిబింబం ఇంకేది కాగలదని అడిగాడు. శంకరులది వ్యవహారదశలో జగత్తును ఒప్పుకుని పరమార్థంలో తోసిపుచ్చే పద్ధతి. రామానుజులతో పోల్చి చూడమని కొందరు అంటారు. జగత్తు నిజమన్నంత వరకు ఆ పోలిక నడుస్తుంది, కల్యాణగుణాలు నిండిన పరమాత్మ దగ్గర ఆగిపోతుంది. ఏకానికి గుణాలు లేవు.

పోతన పద్యం మీకు గుర్తు ఉంటుంది. లోకాలూ లోకేశులూ అన్నీ అంతరించాక, ఆ పెంజీకటికి అవ్వల ఏకాకృతితో వెలిగేవాణ్ణి గజేంద్రుడు తలచుకుంటాడు. ప్లాటినస్ చెప్పే ‘అవతల’ ఎలాంటిదో తెలుగు చెవికి చెప్పాలంటే నేను ఆ పద్యంతోనే మొదలుపెట్టేవాణ్ణి. ఆ తరువాత తేడా అడిగేవాణ్ణి. పోతన దేవుడు పిలిస్తే వస్తాడు, సిరికి కూడా చెప్పకుండా పరుగున వస్తాడు. ప్లాటినస్ ఏకం రాదు, పోదు. అయిదవ ఎన్నియడ్ అయిదో ప్రకరణంలో ఆయన అంటాడు: దాని వెంట పడకూడదు, సూర్యోదయం కోసం కన్ను ఎదురుచూసినట్టు నిశ్శబ్దంగా వేచి ఉండాలి, అది వచ్చినవాడిలా రాదు, రానివాడిలా వచ్చి ఉంటుంది. మరోచోట బృందగానం ఉపమానం ఉంది. గాయకులు ఎప్పుడూ నాయకుడి చుట్టూనే నిలబడి ఉన్నా, ముఖం బయటికి తిప్పితే పాట చెదురుతుంది. ఆయనవైపు తిరిగితే శ్రుతి కలుస్తుంది. మనమూ ఎప్పుడూ దాని చుట్టూనే ఉన్నాం, కానీ అన్నివేళలా దానివైపు చూడటం లేదు. ఈ ఉపమానం అద్వైతికి కూడా ప్రాణంలా తోస్తుంది, అయితే ‘నేనే ఆ నాయకుణ్ణి’ అనడానికి మాత్రం ఇందులో చోటు లేదు. చివరి కలయిక గురించి చెప్పేటప్పుడు ప్లాటినస్ చూసేవాడూ చూడబడేదీ ఒకటైపోతారన్నంత దూరం వెళ్తాడు. ఆ మాట సాహసమని తానే ఒప్పుకుంటాడు.

మరి ఆయనకు భారతీయ తత్త్వం తెలుసా? అలెగ్జాండ్రియాలో అమ్మోనియస్ సక్కాస్ దగ్గర పదకొండేళ్లు చదివాక, పారసీకుల, భారతీయుల తత్త్వశాస్త్రం తెలుసుకోవాలన్న కోరికతో ప్లాటినస్ 243లో మూడో గోర్డియన్ చక్రవర్తి పారసీక దండయాత్రలో చేరాడు. 244లో చక్రవర్తి మెసొపొటేమియాలో చనిపోయాడు. ప్లాటినస్ ప్రాణాలతో అంటియోక్ చేరుకుని, అక్కడి నుంచి నలభయ్యో ఏట రోమ్ వెళ్లి స్థిరపడ్డాడు. ఇది శిష్యుడు పోర్ఫిరీ రాసిన జీవితచరిత్రలో ఉంది. భారతదేశం దాకా ఆయన రానేలేదు. 1920లలో ఫ్రెంచి పండితుడు ఎమిల్ బ్రెయే ఉపనిషత్తుల ప్రభావం ఉందని వాదించాడు; 1936లో ఇంగ్లీషు పండితుడు ఆర్మ్‌స్ట్రాంగ్ దాన్ని ఖండించి, ప్లేటో, అరిస్టాటిల్, స్టోయిక్కుల నుంచే ఈ ఆలోచన ఎదిగిన తీరు చూపించాడు. నేను ఆర్మ్‌స్ట్రాంగ్ వైపు. పైన చెప్పిన ప్రతి మెట్టుకూ గ్రీకు మూలం దొరుకుతోంది. శంకరులైతే ప్లాటినస్ తరువాత కొన్ని శతాబ్దాలకు వచ్చినవారు. ఎవరు ఎవరి నుంచి తీసుకున్నారన్న పోటీ వదిలేస్తే, వెళ్లాలని అంతగా కోరుకుని రాలేకపోయిన ఆ మనిషి మీద నాకు ఆత్మీయత మాత్రం మిగులుతుంది.

ఏకం గురించి ఇంతగా రాసినవాడు లోకం పట్టనివాడని అనుకోకండి. రోమ్‌లో ఎందరో పెద్దింటివారు చనిపోయే ముందు తమ పిల్లలను ఆయనకు అప్పగించారు. ఇల్లంతా అనాథ పిల్లలు. వాళ్ల ఆస్తి లెక్కలు ఆయనే ఓపికగా చూసేవాడు. వాళ్లు తత్త్వవేత్తలు అయ్యేదాకా వాళ్ల ఆస్తి వాళ్లకు భద్రంగా ఉండాలి కదా అనేవాడు. పోర్ఫిరీ ఒకసారి ప్రాణం తీసుకోవాలన్న ఆలోచనలో పడితే, ఎవరూ చెప్పకుండానే కనిపెట్టి, ఇది వివేకం చెప్పిన నిర్ణయం కాదు, మనోవ్యాధి అని నచ్చజెప్పి సిసిలీకి పంపించాడు. తాను ఉన్న సంవత్సరాల్లో గురువుకు ఆ కలయిక నాలుగుసార్లు కలిగిందని పోర్ఫిరీ రాశాడు. తనకు జీవితంలో ఒక్కసారి, అరవై ఎనిమిదో ఏట. ప్లాటినస్ 270లో మరణించాడు. రాసినవాటిని తిరిగి చదువుకునే అలవాటు ఆయనకు లేదు, చూపు మందం. పోర్ఫిరీ వాటిని పరిష్కరించి, ఆరు భాగాలు, భాగానికి తొమ్మిది చొప్పున యాభై నాలుగు ప్రకరణాలుగా కూర్చాడు. ‘ఎన్నియాస్’ అంటే తొమ్మిదింటి గుంపు. ఆ పేరు అలా వచ్చింది. లెక్క కుదరడం కోసం కొన్ని ప్రకరణాలను ముక్కలు కూడా చేశాడు.

తరువాతి కథ పెద్దది, ఒక్క మలుపు మాత్రం చెబుతాను. అయిదో శతాబ్దంలో ప్రోక్లస్ ఈ విచారాన్ని రేఖాగణితంలా 211 సిద్ధాంతాలుగా పేర్చాడు. మొదటి సిద్ధాంతం: ప్రతి అనేకమూ ఏదో విధంగా ఏకత్వంలో పాలు పంచుకుంటుంది. లేకపోతే మొత్తం ఒకటి కాదు, దాని భాగాల్లో ఏదీ ఒకటి కాదు, ఆ భాగాల భాగాలూ కావు. ఎక్కడా ఆగని చెదిరిపోవడం. ఆ తరువాత డమాస్కియస్ వచ్చాడు. ఏథెన్స్ తత్త్వపాఠశాలకు చివరి ఆచార్యుడు ఆయన. జస్టీనియన్ చక్రవర్తి 529లో ఆ బోధనను ఆపించినప్పుడు సహచరులతో పారసీక రాజ్యానికి వెళ్లిపోయాడు. ఆయన వేసిన ప్రశ్న ఇది: ఏకం అన్నిటికీ మూలమైతే, మూలం అన్న సంబంధంతో అది అన్నిటితో ముడిపడే ఉంది; ముడిపడినది అవతలిది ఎలా అవుతుంది? కాబట్టి ఏకానికి కూడా అవతల, మూలమని సైతం అనరాని ‘అనిర్వాచ్యం’ ఉండాలన్నాడు. మీ రెండో ప్రశ్నకు నా జవాబు ఇక్కడే ఉంది. ‘అంతా ఒక్కటే’ అని అనేస్తే ఒక్క వాక్యం. ఆ ‘ఒక్కటి’ అన్న మాటకు అర్థం ఏమిటని అడిగితే ప్లేటో నుంచి డమాస్కియస్ దాకా దాదాపు తొమ్మిది వందల ఏళ్ల పని పట్టింది, ముడి పూర్తిగా విడలేదు.

చదవాలనుకుంటే ఎన్నియడ్స్‌ను మొదటి పేజీ నుంచి మొదలుపెట్టకండి, ఆ వరుస పోర్ఫిరీది. ప్లాటినస్ మొదట రాసినది సౌందర్యం మీది ప్రకరణం, మొదటి ఎన్నియడ్‌లో ఆరవది, దానితో మొదలుపెట్టండి. తరువాత అయిదవ ఎన్నియడ్ మొదటి ప్రకరణం, అందులో మూడు తత్త్వాల నిర్మాణం ఉంటుంది. ఆపైన ఆరవ ఎన్నియడ్ తొమ్మిదవది. ఇంగ్లీషులో ఆర్మ్‌స్ట్రాంగ్ అనువాదం నమ్మదగినది. పక్కన ఛాందోగ్యం ఆరవ అధ్యాయం, బృహదారణ్యకం నాలుగో అధ్యాయం మూడో బ్రాహ్మణం శాంకరభాష్యంతో పెట్టుకోండి. ఒక పేరా ఇటు, ఒక పేరా అటు చదవండి. ‘ఇద్దరూ అదే చెబుతున్నారు’ అనిపించిన ప్రతిచోటా పెన్సిలుతో గీత పెట్టి, నెల తరువాత ఆ గీతల దగ్గరికి మళ్లీ రండి. ఎక్కడైనా ఆగిపోతే ఏ ప్రకరణంలో, ఏ వాక్యం దగ్గరో రాయండి, కలిసి చూద్దాం.